ఇంకా సామ్రాజ్యం నిజంగా సోషలిస్టు రాజ్యమా? చరిత్రకారులు ఏమంటున్నారు?

గోపాలం_గ్రూప్స్ · ఆదివారం, రాత్రి 9:48

అందరికీ నమస్కారం. గ్రూప్స్‌కి చదువుతూ మధ్యలో రిలీఫ్ కోసం వీడియోలు చూస్తుంటాను. నిన్న ఒకాయన పెరూ దేశపు ఇంకాల గురించి గంటసేపు చెప్పాడు. వాళ్ళకి డబ్బు లేదట, సంత లేదట, ఆకలి లేదట, ఎక్కడ చూసినా ధాన్యం కొట్లు నిండుగా ఉండేవట. 'ప్రపంచంలో మొదటి సోషలిస్టు రాజ్యం' అని తేల్చేశాడు. మా మామయ్య పక్కనే కూర్చుని "చూశావా, మేం ఎప్పట్నించో చెప్తున్నదే" అని ఒకటే సంబరం. అది అవగానే యూట్యూబ్ ఇంకో వీడియో పెట్టింది. అందులో అదే ఇంకాలు పిల్లల్ని కొండల మీద బలిచ్చిన నియంతలు! రెండూ ఒకే రాజ్యం గురించేనా అని డౌటొచ్చింది.

చరిత్ర చదివినవాళ్ళు ఏమంటారు? రాజు కింద ఎవరు, వాళ్ళ కింద ఎవరు, పన్నులెలా వసూలు చేసేవాళ్ళు? కాస్త చెప్పరూ. పరీక్షలో రాదు, ఊరికే అడుగుతున్నా.

కాఫీకప్పు · ఆదివారం, రాత్రి 9:55

ముందుగా నా గోడు వినండి. వీళ్ళ గురించి తెలుగులో వెతకడం నరకం. 'ఇంకా రాజులు' అని కొడితే 'ఇంకా రాజులు ఉన్నారా' అని వస్తోంది. 'ఇంకా పెళ్ళి' అని కొట్టాను, మా అమ్మ రోజూ అడిగే ప్రశ్నే ఎదురొచ్చింది.

తెనాలి_మాస్టారు · ఆదివారం, రాత్రి 10:34

గోపాలం, మీ మామయ్య సంబరం వెనక దాదాపు వందేళ్ళ పేచీ ఉంది. 1928లో లూయీ బోదాఁ అనే ఫ్రెంచి ఆర్థికవేత్త ఇంకాలది 'సోషలిస్టు సామ్రాజ్యం' అంటూ ఒక పుస్తకమే వేశాడు. మెచ్చుకోడానికి కాదు. అన్నీ ప్రభుత్వమే చూసుకుంటే మనిషి ఎలా మరబొమ్మ అయిపోతాడో చూడండి అని హెచ్చరించడానికి. సరిగ్గా అదే ఏడాది లిమాలో మారియాతెగి అనే మార్క్సిస్టు ఇంకాల నాటి ఊరుమ్మడి భూమిలోనే పెరూ సోషలిజానికి వేరు ఉందని రాశాడు. ఒకాయనకు భయం, ఇంకొకాయనకు ఆశ. ఇద్దరి కళ్ళూ యూరప్ మీదే ఉన్నాయి.

అంతకు ముందున్న పేచీ ఇంకా పాతది. ఇంకాలు మన పద్ధతిలో రాసిపెట్టిన పుస్తకం ఒక్కటీ లేదు. మనకున్న కథనాలన్నీ 1532లో స్పెయిన్‌వాళ్ళు వచ్చాక రాసినవే, వాటిలో ప్రతిదానికీ ఒక అవసరం ఉంది. స్పెయిన్ రాజప్రతినిధి తొలేదోకి ఇంకాలు న్యాయమైన రాజులు కారు, దురాక్రమణదారులు అని తేలాలి. అప్పుడే స్పెయిన్ రాజుకి హక్కు కుదురుతుంది. ఆయన సర్మియెంతో అనే అతని చేత చరిత్ర రాయించాడు. 1572లో ఇంకాల రాజధాని కుస్కోలో 12 రాజకుటుంబాల నుంచి 42 మందిని కూర్చోబెట్టి, చదివి వినిపించి, 'నిజమే' అని సాక్ష్యం తీసుకున్నాడు. అదే ఏడాది అదే ఊరి నడిబొడ్డున చివరి ఇంకా రాజు తుపాక్ అమారు తల నరికించాడు. ఆ 42 మంది 'కాదు' అనగలిగేవాళ్ళా?

మరోవైపు గార్సిలాసో. 1539లో కుస్కోలోనే పుట్టాడు, తల్లి ఇంకా రాజవంశీకురాలు, తండ్రి స్పానిష్ సేనాని. స్పెయిన్‌లో స్థిరపడి, ముసలితనంలో తల్లివైపువాళ్ళ చరిత్ర రాసి 1609లో లిస్బన్‌లో అచ్చువేశాడు. ఆయన ఇంకాలు తండ్రుల్లాంటి పాలకులు, ఆకలి ఎరగనివ్వనివాళ్ళు. నువ్వు చూసిన మొదటి వీడియోకి తాత ఈయనే. రెండోదానికి తాత సర్మియెంతో.

నాకు ఆసక్తిగా అనిపించేది బెతాన్సోస్ (1551). ఆయన భార్య ఒకప్పుడు అతవల్పా రాజు భార్య, పచకుతి అనే పాత ఇంకా రాజు వంశశాఖ మనిషి. అందుకే ఆయన పుస్తకంలో సగం పచకుతి గొప్పలే. అత్తవారింటి చరిత్ర రాసుకున్నాడన్నమాట. దాని పూర్తి ప్రతి 1987 దాకా అచ్చు కాలేదు. అంటే బోదాఁ, మారియాతెగి చూడనిది మనం చూస్తున్నాం.

ఈ సాక్షులు ఎవరూ తటస్థులు కారు. అందరూ ఏదో ఒక కేసులో పార్టీలే.

పాత_కరణం · ఆదివారం, రాత్రి 11:10

మాస్టారూ, బాగా చెప్పారు. మా నాన్నగారు కరణం. నేను రెవెన్యూలో చేరి రిటైరయ్యాను. కాబట్టి నా బుద్ధి అటే పోతుంది. రాజుల గొప్పలు ఎవరైనా రాయిస్తారు. ఆ ధాన్యం కొట్లలో ఎంత ఉందో, ఎవరు తెచ్చారో, ఎవరు బాకీ ఉన్నారో ఎవరు రాసేవారు? లిపి లేదంటున్నారు. లిపి లేకుండా జమాబంది ఎలా చేస్తారండీ? కోటిమంది జనం ఉన్నారని ఎక్కడో చదివాను. కోటిమంది లెక్క నోటితోనా?

లామా_ప్రేమి · సోమవారం, ఉదయం 6:20

కరణంగారూ, మీరడిగిందే అసలు ప్రశ్న. నేను పురావస్తు శాస్త్రం చదువుకున్నాను, ఆండీస్ నా రంగం కాదు గానీ పిచ్చి. నాకు తెలిసినంత చెప్తాను. (కోటి అన్నది అంచనానే. 60 లక్షల నుంచి 1 కోటి 40 లక్షల దాకా రకరకాలుగా చెప్తారు.)

వాళ్ళ ఖాతా పుస్తకం పేరు కిపు. ఒక లావుపాటి తాడుకి వరసగా చిన్న దారాలు వేలాడతాయి. పత్తివో, లామా, అల్పాకా అనే జంతువుల ఉన్నివో. ఆ దారాల మీద ముళ్ళు. కిందివైపు ఒకట్లు, పైకి పోయేకొద్దీ పదులు, వందలు, వేలు. ఒకట్ల స్థానంలో 2 నుంచి 9 దాకా పొడుగు ముడి, అందులో ఎన్ని చుట్లుంటే అంత. 1కి వేరే రకం ముడి, ఇంగ్లీషు 8 ఆకారంలో. పదులకీ వందలకీ మామూలు ముళ్ళు, ఎన్నుంటే అన్ని. సున్నా అంటే ఖాళీ జాగా. ఈ గుట్టు 1912లో లాక్ అనే అమెరికన్ విప్పాడు. కొన్నిటిలో కింది దారాల మొత్తం పై దారంలో కచ్చితంగా సరిపోతుంది.

దీన్ని చూసుకునే ఉద్యోగి కిపుకమాయోక్. అంటే మీ నాన్నగారే.

2005లో ఒక మంచి సంగతి బయటపడింది. లిమా దగ్గర పురుచుకో అనేచోట ఒకే ఇంటి నేలకింద దొరికిన కిపుల్ని కంప్యూటర్లో పెట్టి చూస్తే, కొన్ని కిపుల్లోని అంకెలు కూడి ఇంకొన్నిట్లోకి, అవి మళ్ళీ కూడి పైవాటిలోకి వెళ్తున్నాయి. మూడు అంచెలు. ఊరి లెక్క పైకి పోతున్న దారి మన కళ్ళముందే ఉందన్నమాట.

మనుషుల్నీ అలాగే పదుల్లో కట్టారు. పది ఇళ్ళు చుంకా, వంద పచకా, వెయ్యి వరంకా, పదివేలు హును. మధ్యలో 50, 500, 5000కి కూడా నాయకులుండేవారు. వందకీ ఆపైనా ఉన్న నాయకుల్ని కురాకా అనేవారు, ఎక్కువగా స్థానిక పెద్దకుటుంబాలవాళ్ళే. వీళ్ళందరి పైన సుమారు 80 రాష్ట్రాలు, ఒక్కోదానికి కుస్కో నుంచి వచ్చిన ఇంకా గవర్నరు. ఆ రాష్ట్రాలు నాలుగు దిక్కుల్లో: చించాయ్‌సుయు, అంతిసుయు, కొల్యాసుయు, కుంతిసుయు. మొత్తానికి పేరు తవంతిన్‌సుయు, 'నాలుగు భాగాలు కలిసినది'. 'ఇంకా' అన్నది దేశం పేరు కాదు. కుస్కోలోని ఆ జాతికీ, వాళ్ళ రాజుకీ వాడే మాట.

పాత_కరణం · సోమవారం, ఉదయం 7:02

అచ్చంగా గ్రామం, ఫిర్కా, తాలూకా, జిల్లా! మరి తప్పుడు లెక్కలు? తాడు విప్పి ముడి మార్చడం కాగితం మీద అంకె దిద్దడం కన్నా తేలిక కదా. ఏ రికార్డులో అయినా నేను ముందు చూసేది అదే. అంకెలు మరీ గుండ్రంగా ఉంటే అక్కడ ఏదో ఉందని అర్థం.

లామా_ప్రేమి · సోమవారం, ఉదయం 7:40

ఆ అనుమానం చరిత్రకారులకీ వచ్చింది :) పది, వంద, వెయ్యి అన్న వరస వినడానికి బాగుంటుంది. మనుషులు అలా సరిగ్గా వందమంది చొప్పున పుట్టరు కదా. కేథరిన్ జూలియన్ 1982లో తితికాకా సరస్సు చుట్టుపక్కల లెక్కలు పట్టుకుని చూసింది. పన్ను కోసం పెట్టుకున్న లక్ష్యాలు పదుల్లోకి కుదిరేలా కుటుంబాల్ని సర్దినట్టు కనపడుతుంది. మరోచోట ఆ వరస ఉన్న జాడే తక్కువ. ఉత్తరాన, మధ్యలో బాగా పాతుకుంది, అన్నిచోట్లా కాదు. అంటే ఆ పిరమిడ్ బొమ్మ కొంత నిజం, కొంత కుస్కోవాళ్ళు తాము చేయాలనుకున్న పని.

ముళ్ళు మార్చకుండా ఉండటానికి ఒకే లెక్కకి రెండుమూడు కిపులు, వేర్వేరు మనుషుల దగ్గర ఉంచేవాళ్ళంటారు. పురుచుకోలో ఒకదానికొకటి జతగా ఉన్న కిపులు దొరికాయి, కాబట్టి నమ్మబుద్ధవుతుంది.

ప్రవాసి_పద్మ · సోమవారం, ఉదయం 9:15

మంచి చర్చ. నేను పోయినేడాది కుస్కో వెళ్ళొచ్చాను. వెళ్ళేముందు చదివినవాటిల్లో నన్ను మార్చేసింది జాన్ ముర్రా. 1916లో ఒడెస్సాలో పుట్టి, రొమేనియాలో పెరిగి, స్పెయిన్ అంతర్యుద్ధంలో పోరాడి, అమెరికాలో మానవశాస్త్రం చదివాడు. 1956 నాటి ఆయన థీసిస్ ఈ 'సోషలిజమా, భూస్వామ్యమా' గొడవని పక్కకు నెట్టింది. యూరప్ పేర్లు తెచ్చి ఎందుకు అతికిస్తారు, వాళ్ళ ఊళ్ళలో ఏం జరిగేదో చూడండి అన్నాడు.

ఆయన చూసింది రాజుల కథలు కాదు, కరణంగారికి నచ్చే కాగితాలు. స్పెయిన్ అధికారులు ఎవరి దగ్గర ఎంత పన్ను రాబట్టొచ్చో తెలుసుకోడానికి ఊరూరూ తిరిగి చేసిన విచారణలు. 1562లో వానుకో ప్రాంతానిది ఒకటి, 1567లో తితికాకా ఒడ్డున చుకుయితోది ఒకటి. 'ఇంకాల కాలంలో మీరు ఏమిచ్చేవారు?' అని అడిగితే ఊరిపెద్దలు కిపులు తీసి చదివి చెప్పారు. చుకుయితోలో ఉన్నవి సుమారు 20 వేల కుటుంబాలు.

వాటిలో తేలింది ఏంటంటే, ఇంకా రాజు పంట అడగడు. పని అడుగుతాడు. ఊరి కుటుంబ సమూహాన్ని అయ్‌ల్యు అంటారు. భూమి దానిదే, అవసరాన్ని బట్టి ఇళ్ళకి పంచుకునేవారు. ఒకరి పొలంలో ఒకరు బదులు పని చేసుకోవడం అయ్ని. అది ఇప్పటికీ ఉంది. రాజ్యం దీన్నే తనకి వాడుకుంది. రాజుకి కొన్ని పొలాలు, సూర్యదేవుడికి కొన్ని, ఊరికి మిగిలినవి. రాజు పొలంలో ఊరు వంతులవారీగా పనిచేయాలి, దాని పేరు మీతా. రాజు ఇచ్చిన ఉన్నితో బట్ట నేయాలి. కానీ సొంత చేలో పండినది ఇవ్వక్కర్లేదు. పనిచేసినన్నాళ్ళూ తిండి, మొక్కజొన్న కల్లు, పాటలు అన్నీ రాజు ఖర్చు.

వానుకో పంపా అని వాళ్ళు కట్టిన ఒక ఊరు ఉంది, సముద్రమట్టానికి 3,700 మీటర్ల పైన. దాదాపు 4,000 కట్టడాలు, కొండవాలున 500కి కాస్త తక్కువగా గాదెలు. క్రెయిగ్ మోరిస్ అక్కడ తవ్వితే కచేరీల కన్నా కల్లు కుండలు, వంటపాత్రలే కుప్పలుగా దొరికాయి. సర్కారు ఆఫీసు అనుకుని తవ్వితే విందుశాల బయటపడింది. వాళ్ళ పరిపాలనలో సగం ఆ విందేనని ఆయన అభిప్రాయం.

సంత లేదన్న సంగతి మాత్రం గోపాలం గారి వీడియో ఎక్కువ చేసి చెప్పింది. పర్వతాల మీద సంతలు తక్కువే. కానీ సముద్రతీరాన చించాలో 6,000 మంది వర్తకులున్నారని ఒక పాత పత్రం ఉంది. మరీయా రొస్త్వొరోవ్‌స్కి దాన్ని బయటికి తెచ్చింది.

నల్లరేగడి · సోమవారం, మధ్యాహ్నం 1:30

పద్మగారూ, చదవడానికి ముచ్చటగా ఉంది. కానీ మా తాత దొర గడీలో వెట్టి చేసినోడు. పండక్కి దొర కల్లు పోయించేవాడు, ముసలిదానికి చీర పెట్టేవాడు. దాన్ని మా ఇంట్లో ఎవరూ 'ఇచ్చిపుచ్చుకోవడం' అనలేదు. ఎవడో వచ్చి మా భూమిలో మూడోవంతు నాది అని, అందులో నన్నే దున్నమని, సాయంత్రం ముంత కల్లు పోస్తే అది మీతా అయిందా? ఈ ముర్రాగారు వెట్టికి ఒక అందమైన పేరు పెట్టాడంతే.

ప్రవాసి_పద్మ · సోమవారం, మధ్యాహ్నం 2:45

కోప్పడకండి అన్నా, మీరన్నదే తర్వాతి తరం చరిత్రకారులు కూడా అన్నారు. 'ఇచ్చిపుచ్చుకోవడం' అన్నది రాజ్యం చెప్పుకున్న మాట, అందుకున్నవాడి లెక్క వేరు అని.

కోచబంబా (ఇప్పటి బొలీవియా) సంగతే చూడండి. వైనా కపాక్ రాజు ఆ లోయలో ఉన్నవాళ్ళలో చాలామందిని ఖాళీ చేయించి, రకరకాల జాతుల నుంచి 14,000 మందిని తెచ్చి మొక్కజొన్న వేయించాడు. పంటలో ముఖ్యభాగం సైన్యానికి. కొతపాచీ అనేచోట ఆ గింజల కోసం కట్టిన 2,400 గాదెల పునాదులు ఇప్పటికీ వరసగా కనిపిస్తాయి. వీడియోలో 'నిండుగా ఉన్న కొట్లు' ఇవే. కరువులో జనానికి పంచిన సందర్భాలు ఉండొచ్చు, కానీ కట్టింది అందుకు కాదు.

ఊళ్ళకి ఊళ్ళనే ఎత్తి వేరే చోట పడేయడం వాళ్ళకి మామూలు. అలా తరలించినవాళ్ళు మిత్మకూనా. ఊరితో తెగదెంపులయి జీవితాంతం రాజుకో పెద్దలకో కొలువు చేసేవాళ్ళు యానకూనా. ఇళ్ళ నుంచి ఏరి తీసుకెళ్ళి నేతకీ కల్లు కాయడానికీ పెట్టిన ఆడపిల్లలు అక్లాకూనా. వీళ్ళకి 'ఎంపికైన స్త్రీలు' అని పేరు. ఎంచింది ఎవరో చెప్పక్కర్లేదు.

ఒక్కటి మాత్రం విడదీసి చూడాలి. మీతా అంటే ఇవాళ పెరూలో భయంకరంగా గుర్తుండేది ఇంకాలది కాదు, తొలేదోది. 1573 నుంచి ఆ పాత పేరుతోనే పొతోసీ వెండిగనులకీ, వంకావెలికా పాదరసం గనులకీ ఊళ్ళ నుంచి మగవాళ్ళలో ఏడోవంతుని పంపమన్నాడు. అది 1812 దాకా సాగింది. అక్కడ విందూ లేదు, తిరిగొస్తారన్న నమ్మకమూ లేదు.

నల్లరేగడి · సోమవారం, మధ్యాహ్నం 3:05

సరే. చెడ్డదాని పక్కన పెడితే ముందుది మంచిదిగా కనపడుతుంది, అదీ గుర్తుపెట్టుకోండి. గార్సిలాసో రాసింది కూడా ఆ రోజుల్లోనే కదా.

తెనాలి_మాస్టారు · సోమవారం, సాయంత్రం 5:50

నల్లరేగడి గారు సరైన చోట వేలు పెట్టారు.

నేను కాలాల లెక్క గురించి చెప్తాను, ఎందుకంటే పోటీ పరీక్షల పుస్తకాల్లో 'పచకుతి 1438లో రాజయ్యాడు' అని గట్టిగా అచ్చేస్తారు. ఆ 1438 ఎక్కడిది? కబెయ్యో అనే పూజారి 1586లో రాసిన ఒక రచనలోని సంవత్సరాల్ని 1945లో జాన్ రోవ్ ఏరి, ఇవి నమ్మదగ్గట్టున్నాయి అన్నాడు. అంతే. శాసనం కాదు, నాణెం కాదు. కథ ప్రకారం చంకా అనే శత్రువులు కుస్కో మీదకొచ్చారు, ముసలి రాజు పారిపోయాడు, కుర్రాడు పచకుతి నిలబడి గెలిచాడు, ఆపై వందేళ్ళలోపే సామ్రాజ్యం. సినిమాకి సరిపోయే కథ.

పార పట్టుకున్నవాళ్ళు దీన్ని రెండువైపుల నుంచీ పీకారు. బ్రయన్ బవర్, అలాన్ కోవీ కుస్కో చుట్టూ లోయల్లో కాలినడకన వందల పాత ఊళ్ళు గుర్తించారు. అక్కడ కనపడేది ఒక్క యుద్ధంతో వచ్చిన మార్పు కాదు. అంతకు ముందు రెండు మూడు వందల ఏళ్ళుగా కాలవలు, మెట్టపొలాలు, పొరుగువాళ్ళతో పెళ్ళి సంబంధాలు, బెదిరింపులు అన్నీ కలిపి ఒక రాజ్యం మెల్లగా పెరిగింది. చంకాల సొంత గడ్డ అందావైలాస్‌లో వెతికితే కుస్కోని వణికించగల పెద్ద రాజ్యం జాడే లేదు. విడివిడి కొండ ఊళ్ళు. ఇక 2021లో మాచు పిచ్చూ ఎముకల కార్బన్ తేదీలు వచ్చాయి. సుమారు 1420కే అక్కడ జనం ఉన్నారు. పచకుతి కట్టించుకున్న ఎస్టేటు అది. 1438లో రాజైనవాడి ఎస్టేటులో 1420కే పనివాళ్ళు ఎలా ఉంటారు? అంటే 1438 పోయింది.

ఇంతకన్నా దూరం వెళ్ళినవాడు జూదెమా అనే డచ్చి పండితుడు. కుస్కోలో ఊరు 'పై' 'కింద' అని రెండు సగాలు, హనన్, హురిన్. సూర్యదేవాలయం నుంచి 41 అదృశ్య రేఖలు చుట్టూ పోతాయి, వాటి మీద 328 పూజాస్థలాలు, ఒక్కో రేఖని ఒక్కో కుటుంబం చూసుకుంటుంది. 1964లో ఆయన అన్నది: మనం వరసగా పేర్చిన రాజుల పట్టిక నిజానికి ఈ కుటుంబాల హోదాల పటం. స్పెయిన్‌వాళ్ళు దాన్ని తమ రాజవంశాల్లా నిలువు వరస చేశారు. పై సగానికి ఒక రాజు, కింది సగానికి ఒక రాజు ఒకేసారి ఉండేవారని కూడా కొందరంటారు. నాకు ఆయన పూర్తిగా మింగుడు పడడు. చివరి ముగ్గురు నలుగురు రాజులు మనుషులే, పటంలో గళ్ళు కారు. కానీ మొదటి అయిదారుగురి విషయంలో ఆయన్ని కొట్టిపారేసే ధైర్యం నాకు లేదు.

కాఫీకప్పు · సోమవారం, రాత్రి 8:12

చనిపోయిన రాజులు ఆస్తి వదలరని విన్నాను, నిజమేనా? మా ఇంట్లో బతికున్నవాళ్ళతోనే పంపకాలు తెగట్లేదు.

లామా_ప్రేమి · సోమవారం, రాత్రి 8:40

నిజమే, అదీ రాజకీయమే. రాజు చనిపోతే సింహాసనం ఒక కొడుక్కి. ఆ రాజు భూములు, భవనాలు, పనివాళ్ళు మాత్రం మిగతా సంతానానికి, ఉమ్మడిగా. ఆ శాఖని పనాకా అంటారు. వాళ్ళు ఆయన శవాన్ని ఎండబెట్టి, బట్టలు మార్చి, పండగలకి బయటికి తెచ్చి, కల్లు పోసి, ఆయన తరఫున మాట్లాడేవాళ్ళు. కొత్త రాజుకి హోదా ఉంటుంది, ఆస్తి ఉండదు. అందుకే ప్రతివాడూ కొత్త దేశం గెలవాల్సొచ్చిందని 1984లో కాన్రాడ్, డెమరెస్ట్ ఒక వాదం పెట్టారు. సామ్రాజ్యం పెరగడానికి అదొక్కటే కారణం అంటే మాత్రం ఇప్పుడు ఎక్కువమంది ఒప్పుకోరు.

వాస్కర్, అతవల్పా అనే అన్నదమ్ముల చివరి యుద్ధంలో దీని వేడి తెలుస్తుంది. వాస్కర్ చచ్చినవాళ్ళ భూములు లాక్కుంటానన్నాడట, కుస్కో పెద్దలు కొందరు అతవల్పా వైపు మొగ్గడానికి అది ఒక కారణమంటారు. ఆ శవాల్లో చాలావాటిని 1559లో పోలో దె ఒందెగార్దో అనే స్పెయిన్ అధికారి పట్టుకున్నాడు.

గోపాలం గారి రెండో వీడియో కూడా తేల్చేస్తాను. 1999లో అర్జెంటీనా సరిహద్దులో యుల్యయ్యాకో శిఖరం మీద, 6,739 మీటర్ల ఎత్తున, ముగ్గురు పిల్లలు గడ్డకట్టి దొరికారు. పెద్దమ్మాయి వయసు పదమూడు ప్రాంతం. ఆమె వెంట్రుకల్ని పరీక్షిస్తే, చనిపోవడానికి ఏడాది ముందు నుంచి తిండి మారినట్టు తేలింది. ముందు బీదతిండి, తర్వాత మాంసం, మొక్కజొన్న. చివరి వారాల్లో కల్లు, కోకా ఆకు బాగా పెరిగాయి. కాబట్టి బలులు నిజం. అది క్రూరత్వమే కాదు, ఒప్పందం కూడా. ఓక్రోస్ అనే ఊళ్ళో కాకె పోమా అనే పెద్ద తన పదేళ్ళ కూతురు తంతా కర్వాని ఇచ్చి, బదులుగా కురాకా పదవి పొందాడని 1620ల తొలినాళ్ళలో ఒక పూజారి ఊరివాళ్ళ నోట విని రాసుకున్నాడు. కుస్కోకి వెళ్ళి సన్మానం చేయించుకుని, సొంత ఊరి కొండకి తిరిగొచ్చి ఆ పిల్ల సమాధిలోకి దిగింది. ఇది చదివాక నాకు రెండురోజులు నిద్ర పట్టలేదు.

ప్రవాసి_పద్మ · సోమవారం, రాత్రి 9:20

తంతా కర్వా గురించి నాకు తెలియదు. చదివి కాసేపు ఫోన్ పక్కన పెట్టేశాను.

గోపాలం_గ్రూప్స్ · సోమవారం, రాత్రి 10:05

నేనూ అంతే. ఇంకొక్క ప్రశ్న, విసుక్కోకండి. ఇంత పద్ధతిగా ఉన్న రాజ్యం 168 మంది స్పెయిన్‌వాళ్ళ చేతిలో ఎలా పడిపోయింది? ఏ పుస్తకం తీసినా గుర్రాలు, తుపాకులు, మశూచి అని మూడు పాయింట్లు రాసేస్తారు.

లామా_ప్రేమి · మంగళవారం, ఉదయం 6:45

1532 నవంబరు 16న కహమార్కా మైదానంలో అతవల్పాని పట్టుకుంది ఆ 168 మందే. దేశాన్ని గెలిచింది వాళ్ళొక్కరే కాదు. కన్యారీలు, చచపోయాలు, వాంకాలు ఇంకాల కింద నలిగినవాళ్ళు. స్పెయిన్‌వాళ్ళకి వేలకొద్దీ మనుషుల్నీ, తిండినీ ఇచ్చింది వీళ్ళే. తవంతిన్‌సుయు ఒకే ముద్ద కాదు. ఒక్కో జాతితో ఒక్కో రకం బేరం. కొందరికి పెళ్ళి సంబంధం, కొందరికి కల్లు, కొందరికి ఊచకోత. పైనున్న వ్యక్తి దొరకగానే ప్రతి కురాకా తన బేరం తాను మళ్ళీ మొదలుపెట్టాడు.

కరణంగారూ, ఇది మీకోసం దాచి ఉంచాను. మంతారో లోయలో హౌహా ప్రాంతంలో వాంకాలున్నారు. ఇంకాల గాదెలు అక్కడ రెండువేల పైచిలుకు. 1533లో స్పెయిన్ సేనాని పిజారో రాగానే వీళ్ళు అతని పక్షం చేరి, ఆ గాదెలు తెరిచి ఇవ్వడం మొదలుపెట్టారు. దాదాపు ఇరవయ్యేళ్ళ పాటు, వచ్చిన ప్రతి సైన్యానికీ. ఇచ్చిన ప్రతిదీ కిపులో ముడేశారు. సామ్రాజ్యం పోయింది, రాజు పోయాడు, పైన లెక్క అడిగేవాడు లేడు. అయినా ముడేస్తూనే ఉన్నారు. 1558లో, మళ్ళీ 1561లో ఆ కిపులు పట్టుకుని లిమాలో స్పెయిన్ కోర్టుకి వెళ్ళి, 'మీకోసం మేమిచ్చిన సరుకు ఇదీ' అని ఒక్కో దారం చదివి వినిపించారు. ముందు మనుషులు, ఎంతమందిని పంపాం, ఎంతమంది తిరిగి రాలేదు. తర్వాత లామాలు. తర్వాత బట్టలు. ఆ తర్వాత మొక్కజొన్న, కినోవా, బంగాళాదుంప. కట్టెలు, గడ్డి కూడా. ముర్రా ఆ వరసని పట్టుకుని, వాళ్ళకి ఏది ముందో ఏది వెనకో ఇందులోనే ఉందన్నాడు.

పైగా ఇష్టపూర్వకంగా ఇచ్చినదీ, సైనికులు దోచుకున్నదీ ఒకచోట కలపలేదు.

పాత_కరణం · మంగళవారం, ఉదయం 7:10

దోపిడీకి వేరే పద్దా! ముప్పయ్యేళ్ళ సర్వీసులో నాకు ఆ ఆలోచన రాలేదండీ. ఎవరు పట్టుకుపోయినా 'తరుగు' అని రాసేవాళ్ళం.

ఆ హౌహా కిపుల ఫొటో ఏదైనా ఉంటే ఇక్కడ పెట్టండి. మా మనవడికి చూపిస్తాను.

లామా_ప్రేమి · మంగళవారం, ఉదయం 7:25

లేదండీ. ఆ దారాలు మిగల్లేదు. వాళ్ళు చదువుతుంటే కోర్టు గుమాస్తా స్పానిష్‌లో రాసుకున్న కాగితాలున్నాయి, సెవిల్‌లో. ఫొటోలంటే పురుచుకో కిపులవి దొరుకుతాయి, సాయంత్రం పెడతాను.